వీరన్నకిచ్చిన నోరు

ముందే చెప్తున్నాను, ఆ సినిమాలో ఉన్నది నా గొంతే, ఒళ్ళు కాదు. ఒళ్ళు ఎవరో తెల్లామెది. యూరప్‌లో అది ఏ దేశమో కూడా నాకు తెలియదు. సముద్రం ఉంటుంది, పొద్దస్తమానం ముసురు పడుతుంటుంది, ఊరు ఊరంతా వెతికినా పట్టుమని పదిమంది కనబడరు. అంత పేద సినిమా. ముగ్గురు మగాళ్ళ ఇండ్లు చూపిస్తాడు, మూడింట్లోనూ ఒకటే ఎర్ర సోఫా. పరదాలు మాత్రం మార్చారు, పుణ్యాత్ములు.

జనగామలో రమేశ్ అనే అబ్బాయికి రికార్డింగ్ దుకాణం ఉంది. గోడలకు కోడిగుడ్ల అట్టలు అంటించి, వాటిమీద పాత బొంతలు వేలాడదీసిన చిన్న గది. ఆ గదిలో నేను ఏండ్ల తరబడి విత్తనాల దుకాణాలకు, బట్టల షాపులకు, కొత్తగా తెరిచిన దవాఖానలకు మాటలు చెప్పాను. తరిగొప్పుల చుట్టుపక్కల ఏ ఊళ్ళో ఆటో మైకు మోగినా అందులో సగం నా గొంతే. మా ఆయన మధుకర్ వెనుకటిసారి సర్పంచ్ ఎన్నికల్లో నిలబడి ఓడినప్పుడు కూడా ఓట్లు అడిగింది నా గొంతే. "సౌమ్య గొంతు లక్ష్మి" అని నలుగురిలో మురిసిపోయేవాడు. ఆ లక్ష్మి తనదనే ఆయన లెక్క.

వానకాలం చివర్లో రమేశ్‌కు హైదరాబాద్ నుంచి ఈ సినిమా వచ్చింది. ఏదో యాప్‌కట, తెలుగు మాటలు పెట్టాలట. మొదట కుదిరిన అమ్మాయి రెండు సీన్లు చూసి చున్నీ సర్దుకుని వెళ్ళిపోయిందట. రమేశ్ తల గోక్కుంటూ నాకు ఫోన్ చేశాడు. సినిమా జర గట్లగట్ల ఉంటదక్కా అన్నాడు. ఎట్లెట్లనో నాకు అర్థమైంది. నలభైకి దగ్గర పడ్డదాన్ని, పెళ్ళైనదాన్ని, అర్థం కాకుండా ఎట్లా ఉంటుంది?

కథ ఇదీ. కట్టుకున్నవాడు, వాడి ఇద్దరు దోస్తులు కలిసి ఆ తెల్లామెను ఒక పెద్దమనిషి గదికి పంపి తమ బేరం కుదుర్చుకుంటారు. పని అయ్యాక పిచ్చిదని ముద్ర వేసి ఆసుపత్రిలో పారేస్తారు. ఆమె బయటికి వచ్చి, జుట్టు రంగు మార్చుకుని, ఒక్కొక్కడి పక్కలో చేరి ఒక్కొక్కణ్ణి మట్టి కరిపిస్తుంది. జుట్టు రంగు మార్చినంత మాత్రాన కట్టుకున్నవాడికే ఆమె ఆనవాలు దొరకదు. ఇదేం చోద్యమని నేను నవ్వితే, "మొగోళ్ళు మొకం జూస్తరా అక్కా" అన్నాడు రమేశ్. పిల్లవాడైనా లోకం తెలిసినవాడు.

మాటలు తక్కువ, నిట్టూర్పులు ఎక్కువ. నిట్టూర్పులకు కాగితం మీద ఏమీ రాసి ఉండదు. కోడిగుడ్ల అట్టల వైపు తిరిగి, పత్తి బస్తా ఎత్తి ట్రాలీలో వేస్తున్నట్టు తలుచుకుని ఊపిరి తీశాను. రమేశ్ బయటనుంచి బొటనవేలు చూపించాడు. చూసేవాళ్ళకు అది ఇంకో రకంగా వినబడుతుందంటే అది నా బస్తా బరువు, వాళ్ళ ఖర్మ.

ఆఖరి సీన్లో మొగుడు సోఫా మీద పడి ఉంటాడు, ఆమె వాడి గుండెమీద మోకాలు పెట్టి ఒక మాట అంటుంది. కాగితంలో రాసిన మాట పుస్తకాల భాషలో బారెడు పొడుగుంది, ఆమె పెదవులకు సరిపోవడం లేదు. ఎన్నిసార్లు చెప్పినా కుదరక విసుగొచ్చి నా భాషలో అనేశాను.

"నన్ను అంగట్ల పెట్టినోనివి నువ్వు. గిప్పుడు బేరం నేను జేస్త."

రమేశ్ కుర్చీలోంచి లేచి నిలబడ్డాడు. ఇదే ఉంచుదాం అన్నాడు. ఇన్నేండ్లూ సినిమాల్లో మన యాసను తాగుబోతులకు, దొంగలకు అంటగట్టారు. ఈమె నోట్లో పెడితే ఎంత బరువొచ్చిందో చూడు అన్నాడు. నిజం చెప్పొద్దూ, ఆ మాట అన్నాక నా ఒళ్ళంతా తేలికైపోయింది. జనగామ బస్టాండులో మిర్చి బజ్జీలు తిని ఇంటికి వచ్చాను. ఎవరికీ చెప్పలేదు. అడిగినవాళ్ళు లేరు.

చలి మొదలయ్యేసరికి పంచాయతీ ఎన్నికలు వచ్చాయి. మా ఊరి సర్పంచ్ కుర్చీ ఆడవాళ్ళకు రిజర్వు అయింది. మధుకర్ రెండురోజులు ముఖం వేలాడేసుకుని, మూడోనాడు నా వైపు చూసి, "ఇంట్ల నువ్వున్నవ్ గద" అన్నాడు, పెరట్లో నిచ్చెన ఉందని గుర్తొచ్చినట్టు. నాకు కోపం రాలేదు. నాకూ ఒక ఆశ ఉంది. ఇన్నేండ్లు విత్తనాలు అమ్మాను, చీరలు అమ్మాను, మొగుణ్ణి అమ్మాను. ఒక్కసారి నా పేరు చెప్పుకుని నా మాట నేను మాట్లాడాలి. పత్తి ఏరే ఆడవాళ్ళ దగ్గరికి చేనుకు వెళ్ళి అదే చెప్పాను. కుర్చీలో నేనే కూర్చుంటాను, సభలో నేనే మాట్లాడతాను, ఆయన గడప అవతలే అన్నాను. వాళ్ళల్లో పెద్దది అండాలు. మా చేలల్లో పత్తి ఏరుతూనే ముసలిదైన మనిషి, మధుకర్‌ను పటేలా అనే పిలుస్తుంది. నడుముకు కట్టిన పత్తి సంచి విప్పకుండానే నా చెయ్యి పట్టుకుని, మంచిగున్నది బిడ్డా, నీ యెంట నేను తిరుగుత అంది.

నామినేషన్లు ఉపసంహరించుకునే గడువు దాటింది. నాకు ఉంగరం గుర్తు వచ్చింది. ఆ మర్నాడే ఊరి వాట్సాప్ గ్రూపులో వీడియో పడింది. పెట్టింది వెంకట్రాం మనుషులు. వెంకట్రాం భార్య కవిత నా మీద పోటీ. వీడియోలో ఎర్ర సోఫా, సగం బట్టల తెల్లామె, మన జనగామ మాట. కింద "మన ఉంగరం అక్క కొత్త సినిమా" అని రాసి, ఎన్ని పండ్లుంటే అన్ని ఇకిలించే బొమ్మలు.

మధుకర్ చెవుల్లో వైర్లు పెట్టుకుని గొడ్ల కొట్టంలో కూర్చుని చూశాడు. ఒక్కసారి కాదు. తర్వాత లోపలికి వచ్చి, కాళ్ళు కడుక్కుని, పళ్ళెం ముందు కూర్చున్నాడు. ఎన్ని సినిమాలని అడిగాడు. ఒక్కటే అన్నాను.

"ఆ ఊపిరి గూడ నీదేనా?" అన్నాడు.

"నాదే."

కలిపిన ముద్ద పళ్ళెంలోనే వదిలేశాడు. "నా దగ్గర ఎన్నడన్న గట్ల…" అని ఆగిపోయి, లేచి చెయ్యి కడిగేసుకున్నాడు. ఆయనకు కాలింది ఎక్కడో అప్పుడు నాకు అర్థమైంది. ఊళ్ళో పరువు సంగతి ఆ తర్వాత. పత్తి బస్తా సంగతి చెబుదామా అనుకున్నాను. చెప్పబుద్ధి కాలేదు. కాలితే కాలనీ అనుకున్నాను.

తెల్లారి చాయ్ దగ్గర ఉపాయం బయటపెట్టాడు. ఇప్పుడు కంప్యూటర్లో ఎవరి గొంతైనా తయారు చేయవచ్చు కదా, వెంకట్రామే నా ఆటో రికార్డింగులు తీసుకుని చేయించాడని చెబుదాం అన్నాడు. అయితే ఒక చిక్కుంది. నేను నోరు విప్పితే, ఏదీ ఆ మాట ఒక్కసారి అను అని పోరగాళ్ళు ఫోన్లు పట్టుకుని వెంట పడతారు.

"అందుకే నువ్వు మాట్లాడొద్దు. కురవి వీరన్నకు మొక్కుకున్నదని జెప్తం. గీ నింద పోయేదాక నోరిప్పదని."

అత్తమ్మ చాయ్ గిన్నె కింద పెట్టేసింది. మా అత్త సులోచన నన్ను ఏనాడూ మెచ్చుకున్న మనిషి కాదు గాని, దేవుడంటే హడల్. వీరన్నతోటి పరాచికాలా, కండ్లు పోతాయిరా అని కొడుకును కసిరింది. ఓట్లయ్యేదాకనే, తర్వాత పోయి ఒక కోడిని కోసి తప్పైందని మొక్కితే వీరన్న ఏమీ అనుకోడని ఆయన తేల్చేశాడు. ఆయన మాట చూస్తే వీరన్న కూడా ఆయన పార్టీయే అనుకోవాలి.

వద్దని నేను అనలేదా? అన్నాను. ఆ గొంతు నాదే అని చెప్పేస్తాను, ఎవరేం పీకుతారు అన్నాను. చెప్పు, చెప్పి గెలువు, కుర్చీల కూసుంటనని ఆశపడుతున్నవ్ గద అన్నాడు మెత్తగా. ఆ మెత్తదనమే నన్ను ముంచింది. అడకత్తెరలో పోకచెక్కనయ్యాను. కొన్నాళ్ళు నోరు మూసుకుంటే ఆ తర్వాత అంతా నా నోరే కదా అనుకున్నాను.

జీపు నిండా ఆడవాళ్ళను ఎక్కించుకుని కురవి వీరభద్రస్వామి గుడికి పోయాం. అండాలు నా పక్కనే కూర్చుంది, మానుకోట దాటేదాకా నా చెయ్యి వదల్లేదు. వీరన్నకు మౌనం మొక్కడం ఉందో లేదో మాలో ఎవరికీ తెలియదు. స్వామికి కోరమీసాలు చేయించి ఇస్తారు, కోళ్ళు మేకలు ఇస్తారు, నోరే ఇచ్చినవాళ్ళను నేను చూడలేదు. అయినా వీరన్న ముందు అబద్ధం ఆడిన మనిషి బాగుపడ్డట్టు మా దిక్కు ఎవరూ వినలేదు. అందుకే ఊరు నమ్మి తీరుతుంది, అంత పకడ్బందీ ఉపాయం. పూజారి నా చేతికి పసుపు దారం కట్టి ఏం కోరిక అమ్మా అని అడిగాడు. మధుకర్ చెప్పాడు. నేను స్వామి కండ్లలోకి చూడలేక ఆయన పాదాల దగ్గరి పసుపు చూస్తూ నిలబడ్డాను.

ఆ పసుపు దారమే గెలిపించింది. ఇంటింటికీ వెళ్ళి బొట్టు పెట్టి, చేతులు జోడించి, ఉంగరం బొమ్మ చూపించడమే నా ప్రచారం. ఆడవాళ్ళు కన్నీళ్ళు పెట్టుకున్నారు. ఒకామె గుమ్మంలోనే నా కాళ్ళమీద నీళ్ళు పోసింది. హనుమకొండ నుంచి యూట్యూబ్ వాళ్ళు ఇద్దరు మైకు పట్టుకుని వచ్చి, అక్కా ఒక్క మాట అంటూ నా మూతికి ఆనించారు. అండాలు మధ్యలోకి వచ్చి ఆ మైకును పక్కకు నెట్టింది.

"అది వీరన్నకిచ్చిన నోరు. మీ డబ్బాలకు ఇయ్యనీకి కాదు" అంది.

కురవి పోయొచ్చినప్పటినుంచి అండాలు ఒక్కపూటే తిన్నది. నా మొక్కులో పాలు పంచుకుంటున్నదని ఊరు అనుకుంది. నేనూ అదే అనుకున్నాను.

మైకు మాత్రం మధుకర్ పట్టుకున్నాడు. మొదట్లో తడబడేవాడు. తర్వాత్తర్వాత రుచి మరిగాడు. మా ఇంటామె మీకోసం నోరు కట్టుకున్నదని అంటూ ఎక్కడ గొంతు దించాలో, ఎక్కడ ఆగాలో నేర్చుకున్నాడు. ఎట్లా నేర్చుకున్నాడంటే, నా రికార్డింగులు విని. ఇంట్లో గుసగుసగా మాట్లాడబోతే గోడలకు చెవులుంటాయని నోటిమీద వేలు పెట్టేవాడు. ఘనపూర్ నుంచి మా తమ్ముడు ఫోన్ చేస్తే తనే ఎత్తి, అక్క మొక్కుల ఉన్నదని పెట్టేసేవాడు. ఒకరోజు రమేశ్ ఇంటికే వచ్చాడు. యాప్ వాళ్ళకు నా గొంతు నచ్చిందట, ఇంకా సినిమాలున్నాయట, మంచివి కూడా ఉన్నాయట. మధుకర్ వాకిట్లోనే నిలబెట్టి, ఆ దుకాణం బందు, మళ్ళ రాకు అని పంపించేశాడు. తలుపు వెనుక నిలబడి నేను విన్నాను. పిలిస్తే పలికేంత దూరంలో రమేశ్ బండి స్టార్ట్ చేసుకుని పోయాడు. ఆ రోజు నన్ను నేను ఎంత తిట్టుకున్నానో నాకు తెలుసు.

గెలిచాం. గెలిచామంటారు కదా, అదే. రంగులు చల్లుకున్నారు, డప్పులు కొట్టారు, మధుకర్‌ను భుజాల మీద ఎత్తుకున్నారు. నేను వంటింట్లో నిలబడి, ప్రమాణం రోజు మొదట ఏం మాట్లాడాలా అని మనసులో కూర్చుకుంటున్నాను. నెత్తినిండా గులాల్‌తో ఆయన లోపలికి వచ్చాడు.

"ప్రమాణం నాడు సంతకం పెట్టు చాలు. నోరిప్పకు. వెంకట్రాం కాచుకొని కూసున్నడు. మొక్కు ఐదేండ్లని జెప్దం."

"ఐదేండ్లా?"

"నేనున్న గద మాట్లాడనీకి" అన్నాడు. బెదిరించినట్టు కూడా కాదు, సంతోషంగా అన్నాడు, నా నెత్తిమీది బరువు దించుతున్నట్టు.

అప్పుడు పుట్టింది నాకు పగ. అంతకు ముందు ఉన్నది కోపమే. ఆ తెల్లామె కథలో నాకు ఒక్కటి నచ్చింది, ఆమెకు ఎవరిని కొట్టాలో తెలుసు, కొడితే వాడికే తగిలింది. నేనూ అట్లాగే కొట్టాలనుకున్నాను. ఆయన ఎక్కిన భుజాల మీదనుంచే ఆయన్ను కింద పడేయాలనుకున్నాను.

పంచాయతీ ఆఫీసు ముందు టెంటు వేశారు. ఊరంతా వచ్చింది. పత్తి చేలకు పోవాల్సిన ఆడవాళ్ళు కూడా సద్ది గిన్నెలతో వచ్చి ముందు వరుసలో కూర్చున్నారు. ప్రమాణం చేయించడానికి వచ్చిన ఆఫీసర్ చేతికి మధుకర్ ఒక కాగితం ఇచ్చి, మేడమ్‌కు మొక్కున్నది సార్, నేను చదువుతాను అన్నాడు. ఆఫీసర్ నవ్వి, సర్పంచ్ మీరా ఆమెనా, చదవకపోతే ఎట్లా అన్నాడు. ఇద్దరూ వాదించుకుంటుంటే నేను మైకు ముందుకు వెళ్ళాను.

"సౌమ్య అనే నేను" అని మొదలుపెట్టాను. గొంతు మొదట బొంగురుగా వచ్చి తర్వాత తేటపడింది. చివరిదాకా చదివాను. చదివి, మైకు వదలకుండా చెప్పాను. వీడియోలో ఉన్నది ఏ కంప్యూటరూ కాదు, నా గొంతే అన్నాను. వీరన్న మొక్కు మా ఇంట్లో చాయ్ తాగుతూ అల్లిన ముచ్చట అన్నాను. అల్లింది ఎవరో వేలు పెట్టి చూపించాను.

మధుకర్ ముఖం పాలిపోయింది. ఆ ముఖం చూసి నాకు కలిగిన సంతోషం దాచుకోను. కడుపు నిండింది. జనం ఇక ఆయన మీద పడతారని ఎదురుచూశాను. వెంకట్రాం మనుషులు వెనుకనుంచి ఈలలు వేశారు. ముందు వరుసలో ఆడవాళ్ళు మాత్రం ఆయన వైపు చూడలేదు. నన్నే చూస్తున్నారు. అండాలు మోకాళ్ళమీద చేతులు ఆనించి లేచి, మైకు దగ్గరిదాకా వచ్చింది.

"గొంతు నీదని మాకు ఎర్కలేదా బిడ్డా? ఇన్నేండ్ల సంది ఆటోల ఇంటున్నం. ఫోన్ల ఇన్ననాడే ఎర్కపట్టిన. బతుకుదెరువుకు మాట్లాడింది, మాట్లాడితె ఏమాయె అనుకున్న. నువ్వు వీరన్న ముంగట నిలవడ్డంక, నా చెవులే పాపిష్టియి అనుకున్న. ఉత్తమురాలిని అనుమానపడ్డనని ఒక్కపూట తింటున్న, ఇయ్యాల్టిదాక."

తిట్టలేదు, గొంతు కూడా పెంచలేదు. నేను అండాలవ్వా అని పిలిచాను. నా పిలుపు మైకులో పడి ఊరంతా మోగింది. ఆమె తన సద్ది గిన్నె తీసుకుని చేను దారి పట్టింది. ఆమె వెనుక ఒకరి తర్వాత ఒకరు ఆడవాళ్ళందరూ లేచారు. ఆఫీసర్ నా ముందు రిజిస్టర్ పెట్టి, ఇక్కడ సంతకం చేయండి మేడమ్ అన్నాడు.

మధుకర్‌కు ఏమవుతుందని అనుకున్నానో అది కాలేదు. వారం రోజులు తలదించుకుని తిరిగాడు. తర్వాత చాయ్ హోటల్ దగ్గర, ఓట్లప్పుడు ఎన్ని జెయ్యాలె మరి అని తనే నవ్వాడు, నలుగురూ నవ్వారు. మగవాడు, ఓట్ల కోసం లక్ష చెబుతాడు, అందులో వింతేముంది? ఆయన చేసింది రాజకీయమట. నేను చేసింది పాపమట. నాకు ఎంత ఒళ్ళుమండినా, అండాలు ముఖం గుర్తొస్తే ఆ రెండోమాట కాదనలేకపోతున్నాను. చేసిన పాపం చెబితే పోతుందంటారు. నాది పగ కోసం చెప్పాను, అందుకే పోలేదేమో.

అత్తమ్మ ఒక్కతే కురవి పోయి కోడిని ఇచ్చి వచ్చింది. నన్ను రమ్మనలేదు.

మొదటి గ్రామసభ చలి వెనుకపడ్డాక జరిగింది. నేనే అధ్యక్షురాలిని, నేనే మాట్లాడాను, ఎవరూ అడ్డు రాలేదు. మధుకర్ గడప అవతల, తలుపుకు ఆనుకుని నిలబడ్డాడు, నేను చేలో చెప్పినట్టే. మంచినీళ్ళ ట్యాంకు పాచిపట్టి ఉందని, సోమవారం కడిగిస్తానని, మోటారు కూడా మార్పిస్తానని చెప్పాను. బాగా చెప్పాను, నా గొంతు సంగతి నాకు తెలుసు. అండాలు ముందు వరుసలో తలవంచుకుని అంతా వింది. విని, తలుపు వైపు తిరిగింది.

"నిజమేనా పటేలా?" అని అడిగింది.

నిజమే అన్నాడు మధుకర్. సరే అని ఆమె లేచింది, ఆమెతో పాటు మిగిలిన ఆడవాళ్ళూ లేచారు.